వేదిక దీపాల నుంచి టీవీ స్టూడియోకు మారవచ్చా? ఈ వృత్తిలో ఉన్నవారి సలహా కావాలి

నీలిజెల్ (వరంగల్)

అందరికీ నమస్కారం. ఇక్కడ ఇదే నా మొదటి టపా కాబట్టి కొంచెం వివరంగా రాస్తున్నాను. ఎలక్ట్రికల్ డిప్లొమా అయ్యాక ఆరేళ్ళుగా పెళ్ళి సంగీత్‌లు, కాలేజీ వార్షికోత్సవాలు, ఆడియో వేడుకల వంటి వాటికి లైటింగ్ చేసే పనిలో ఉన్నాను. మొదటి రెండేళ్ళు లైట్‌మన్‌గా పార్‌లు (డబ్బాల్లాంటి వేదిక దీపాలు) మోశాను, దీపాలు వేలాడదీసే లోహపు చట్రం, అంటే ట్రస్, ఎక్కి క్లాంపులు బిగించాను, తెల్లవారుజామున మంచుకు తడిసిన కేబుళ్ళు తుడిచి చుట్టాను. ఆ తరవాత మా యజమాని నన్ను దీపాలన్నిటినీ నడిపే కన్సోల్ దగ్గర కూర్చోబెట్టారు. ఇప్పుడు నలభై, యాభై మూవింగ్ హెడ్లు (తల తిప్పుకునే దీపాలు) ఉన్న షోను ఒక్కడినే నడపగలను.

ఈమధ్య ఒక టీవీ ఛానెల్ నుంచి లైటింగ్ అసిస్టెంట్‌గా చేరమని పిలుపు వచ్చింది. పెళ్ళిళ్ళ సీజన్‌లో నాకు వచ్చేదానిలో సగమే జీతం, అయితే నెలనెలా చేతికి అందుతుంది. ఆపరేటర్‌గా పేరు తెచ్చుకున్నవాడు మళ్ళీ అసిస్టెంట్‌గా చేరడమేమిటని ఇంట్లో అంటున్నారు.

నన్ను కలవరపెడుతున్నది మాత్రం జీతం కాదు. రెండు నెలల కిందట నేను లైటింగ్ చేసిన ఒక సంగీత కార్యక్రమాన్ని టీవీ కోసం రికార్డు చేశారు. ఆ రాత్రి ఎదుట కూర్చున్న జనం ఈలలు వేశారు, నాకూ తృప్తిగా అనిపించింది. వారం తరవాత రికార్డింగ్ చూస్తే గాయని ముఖం ఒక పాటలో నీలి ముద్దలా, మరో పాటలో కమిలిపోయినట్లు ఎర్రగా ఉంది. ఆమె నుదుటి కుంకుమ గోధుమరంగుకు తిరిగింది. వెనకనున్న గోడ మీద నల్లని అడ్డచారలు పైనుంచి కిందికి పాకుతూ కనిపించాయి. ఆ రాత్రి నా కళ్ళతో నేను చూసినది అది కానే కాదు. ఆ తేడా ఎక్కడ వచ్చిందో తెలుసుకోవాలన్న కోరికతోనే స్టూడియోకు వెళ్ళాలనిపిస్తోంది. అనుభవజ్ఞులు తమ అభిప్రాయం చెప్పమని కోరుతున్నాను.

పాతస్టూడియో (హైదరాబాదు)

నీలిజెల్ గారూ, మీరు చివర చెప్పిన సంగతే అసలు ప్రశ్న. దానికి జవాబు దొరికితే జీతం గురించిన ప్రశ్న దానంతట అదే తేలిపోతుంది. నేను 1986లో అసిస్టెంట్‌గా చేరి, ముప్ఫై ఒక్క సంవత్సరాలు స్టూడియో దీపాల కింద పనిచేసి విరమించినవాణ్ణి.

మన కన్ను ఒంటరిగా చూడదు, మనసుతో కలిసి చూస్తుంది. సాయంకాలం పసుపుపచ్చని బల్బు కింద తాతగారి పంచె మనకు తెల్లగానే తోస్తుంది, ఎందుకంటే అది తెల్లదని మనకు ముందే తెలుసు. కెమెరాకు ఆ తెలివిడి లేదు. వెలుతురు రంగును కెల్విన్‌లలో చెబుతాం, అంకె తగ్గితే పసుపు, పెరిగితే నీలం. దానికి 3200 కెల్విన్ దగ్గర తెలుపు ఇదీ అని నేర్పితే, 5600 కెల్విన్ దీపం పడిన ప్రతిదాన్నీ అది నీలంగానే చూపుతుంది. నీలి ఎల్ఈడీ వెలుతురులో ఎరుపు, ఆకుపచ్చ దాదాపు ఉండవు. కెమెరాలోని మూడు రంగుల సంకేతాల్లో నీలం ఒక్కటే నిండి పొర్లిపోయి, ముక్కు, చెంప, గడ్డం మధ్యనున్న తేడాలన్నీ చెరిగిపోతాయి. మీరు చూసిన నీలి ముద్ద అదే. ఎదుట కూర్చున్న ప్రేక్షకుడి కన్ను ఆ నీలంలో కూడా ముఖాన్ని వెతికి పట్టుకోగలిగింది కాబట్టి అతడు ఈల వేశాడు.

కుంకుమ సంగతి వేరు. చవక ఎల్ఈడీలు ఇచ్చే తెలుపులో గాఢమైన ఎరుపు పాలు తక్కువ. దీపం రంగులను ఎంత నిజంగా చూపుతుందో చెప్పడానికి పెట్టె మీద రాసే సీఆర్ఐ అనే అంకెను ఎనిమిది లేత రంగుల సగటుతో లెక్కిస్తారు, వాటిలో గాఢమైన ఎరుపు లేదు. దాన్ని ఆర్9 అనే పేరుతో విడిగా కొలుస్తారు. కాబట్టి పెట్టె మీద 80 అని ఉన్నా ఆర్9 అధ్వానంగా ఉండవచ్చు. కెమెరాల కోసమే తయారైన టీఎల్‌సీఐ అనే సూచికను యూరోపియన్ బ్రాడ్‌కాస్టింగ్ యూనియన్ 2012లో సిఫారసు చేసింది. కుంకుమ, పట్టుచీర అంచు, కాళ్ళ పారాణి అనుదినం కెమెరా ముందుకు వచ్చే మన ప్రాంతంలో దీపం కొనేవాడు మొట్టమొదట అడగవలసిన అంకెలు ఆర్9, టీఎల్‌సీఐ, ఈ రెండూ.

నా మొదటి గురువు నాకు నేర్పిన పద్ధతి ఒకటి చెబుతాను. అప్పట్లో మా ఫ్లోర్‌లో (చిత్రీకరణ జరిగే హాలులో) పాతతరం ట్యూబ్ కెమెరాలు ఉండేవి. వెయ్యి లక్సులకు పైబడి వెలుతురు పడితేగాని బొమ్మ శుభ్రంగా వచ్చేది కాదు, టంగ్‌స్టన్ దీపాల వేడికి మృదంగం మీది ముద్ద కూడా ఎండిపోయేది. ఆయన నన్ను వారం రోజులపాటు ఫ్లోర్‌కు వీపు పెట్టి, మానిటర్‌కు ఎదురుగా కూర్చోబెట్టారు. ఒక్కొక్క దీపం వెలిగించి, అది ఎక్కడుందో, ఎంత ఎత్తులో ఉందో ముఖం మీది నీడను చూసి చెప్పమనేవారు. తల తిప్పి చూస్తే ఆ రోజు పాఠం అంతటితో ముగిసేది. ఐదో రోజుకు ముక్కు నీడ పెదవి అంచును తాకిందా, దాటిందా అన్నదాన్ని బట్టి దీపం ఎత్తును జానెడు తేడాతో చెప్పగలిగాను.

ఛాయ గురించి కూడా చెప్పాలి, ఎందుకంటే ఇక్కడే కొత్తవారు ఎక్కువగా పొరపడతారు. ముఖంలో బాగా వెలిగే భాగం కెమెరా సంకేతంలో 70 శాతం స్థాయిలో ఉండాలని పాత పుస్తకాలు చెబుతాయి, కానీ ఆ లెక్క తెల్లజాతివారి ముఖాలను చూసి వేసినది. చామనఛాయ గాయకుడి ముఖాన్ని బలవంతంగా ఆ స్థాయికి ఎక్కిస్తే అతడి తెల్ల పంచె, పక్కనున్నామె జడలోని మల్లెపూలు సున్నపు ముద్దల్లా తేలిపోతాయి. నల్లని ముఖానికి ఎక్కువ వెలుతురు అక్కరలేదు, పెద్ద వెలుతురు కావాలి. ఆరడుగుల తెల్లగుడ్డ గుండా పక్కనుంచి మెత్తగా వచ్చే వెలుతురు చెంప మీద, కణత మీద సన్నని మెరుపుగా నిలిచి ముఖానికి రూపం కట్టిస్తుంది. స్థాయి 50 దగ్గరే ఉన్నా ఆ మనిషి ఆ మనిషిలాగే కనిపిస్తాడు.

అందుచేత నా సలహా, చేరండి. అయితే రోజుకు ఒక గంటైనా కంట్రోల్ రూమ్‌లో విజన్ ఇంజనీరు పక్కన కూర్చోనిస్తారా అని చేరే ముందే అడగండి. కెమెరాలోకి వెళ్ళే వెలుతురును పెంచి తగ్గించే ఐరిస్ ఆయన చేతిలో ఉంటుంది, మీరు పెట్టిన వెలుతురు చివరికి ఎంతగా బయటికి వెళ్ళాలో నిర్ణయించేది ఆయనే.

ట్రస్‌పైన (విజయవాడ)

పాతస్టూడియో గారి మాటలోని ప్రతి అక్షరంతోనూ ఏకీభవిస్తున్నాను. కానీ ఛానెల్‌లో చేరితే ఇవన్నీ నేర్పుతారన్న భరోసా నాకు లేదు. నేను ప్రత్యక్ష ప్రదర్శనలకు పదిహేడేళ్ళుగా డిజైన్ చేస్తున్నాను. నాతో పనిచేసిన ఒక కుర్రవాడు ఇలాగే వెళ్ళి వార్తా స్టూడియోలో పడ్డాడు. అక్కడ న్యూస్ డెస్క్‌కు ఒకసారి దీపాలు అమర్చి స్థాయిలు భద్రపరిచాక నెలల తరబడి ఎవరూ వాటిని ముట్టుకోరు. ఉదయం మీట నొక్కడం, యాంకర్ కూర్చున్న కుర్చీ జరిగితే తిరిగి గుర్తు మీదికి జరపడం, ఆరిపోయిన ప్యానెల్ మార్పించడం, నాలుగేళ్ళపాటు అతడి ఉద్యోగం ఇంతే. తిరిగి వచ్చేసరికి కన్సోల్ రెండు తరాలు మారిపోయింది.

కాబట్టి ఏ ఛానెల్ అన్నది కాదు, ఏ ఫ్లోర్ అన్నది అడగండి. పాటల పోటీ, నృత్యాల పోటీ, పండుగ ప్రత్యేక కార్యక్రమం జరిగే ఫ్లోర్ అయితే అంతకంటే మంచి బడి లేదు. అక్కడ వేదికా ఉంటుంది, ఎదుట ప్రేక్షకులూ ఉంటారు, నాలుగు వైపులా కెమెరాలూ ఉంటాయి. ఒక కెమెరాకు ముందు వెలుతురుగా ఉన్న దీపమే మరో కెమెరాకు వెనక వెలుతురు కావాలి. అలా రెండింటికీ సరిపోయే స్థానాన్ని వెతకడం అలవడితే ఆ చెయ్యి ఇక ఎక్కడా తడబడదు.

ప్రత్యక్ష ప్రదర్శన చిన్న పని అని మాత్రం ఎవరూ అనుకోవద్దు. మనం నేడు వాడే మూవింగ్ హెడ్ల వంశం 1981లో జెనెసిస్ అనే రాక్ బృందం యాత్రలో వెలిగిన వారీ-లైట్ దీపాలతో మొదలైంది. సంగీతం మారిన క్షణంలోనే దీపమూ దిశ, రంగు మార్చుకోవాలన్న తపన నుంచి అది పుట్టింది. 1986లో అమెరికా రంగస్థల సాంకేతికుల సంస్థ రూపొందించిన, కన్సోల్ నుంచి దీపాలకు ఆదేశాలు పంపే డీఎంఎక్స్ 512 పద్ధతి రాకపోతే ఒక్క తీగ మీద 512 ఛానెళ్ళు నడిపే ఈనాటి టీవీ స్టూడియో కూడా లేదు. పల్లవి నుంచి చరణంలోకి వెళ్ళే ఆ అర సెకనును పట్టుకునే వేళ్ళు మీకు ఇప్పటికే ఉన్నాయి. టీవీవారికి అవే కావాలి, అందుకే మిమ్మల్ని పిలిచి ఉంటారు. ఆ మాట చెప్పి అసిస్టెంట్ హోదా కాకుండా ఆపరేటర్ హోదా అడగడంలో తప్పు లేదు.

డబ్బు విషయంలో మీ ఇంటివారి లెక్క సీజన్‌ను చూసి వేసినది. మాఘం, ఫాల్గుణం, వైశాఖం, శ్రావణం చూసుకుని సంవత్సరమంతా అలాగే ఉంటుందనుకోకూడదు. ఆషాఢం, భాద్రపదం, పుష్యం వస్తే పెళ్ళిళ్ళు ఉండవు. గురు మూఢమో శుక్ర మూఢమో పడితే ఉన్న ముహూర్తాలూ పోతాయి. వినాయక చవితి, దసరా మండపాలు కొంత ఆదుకుంటాయి. 2020 మార్చిలో ప్రదర్శనలన్నీ ఒక్కరోజులో ఆగిపోయినప్పుడు, మళ్ళీ గోదాము తలుపు తెరవడానికి నాకు చాలా నెలలు పట్టింది. టీవీ ఫ్లోర్లు మాకంటే ఎంతో ముందు తెరుచుకున్నాయి.

తిలకం (హైదరాబాదు)

నేను మేకప్ ఆర్టిస్టును, ఈ చర్చలో కుంకుమ ప్రస్తావన వచ్చింది కాబట్టి నాలుగు మాటలు రాస్తున్నాను. మా గదిలో అద్దం చుట్టూ ఉండే బల్బులు ఒక రంగు, ఫ్లోర్ మీది వెలుతురు మరో రంగు అయితే నేను వేసిన బేస్ సెట్‌లోకి వెళ్ళగానే మట్టిరంగుకో, పాలిపోయిన గులాబీకో తిరుగుతుంది. తప్పు నాదనే అందరూ అనుకుంటారు. ఒక లైటింగ్ డైరెక్టర్ మాత్రం ప్రతి కొత్త కార్యక్రమం మొదటి రోజున ఫ్లోర్ మీది దీపాల్లోంచి ఒకటి తెచ్చి మా గదిలో పెట్టించేవారు. ఆయనతో పనిచేసిన మూడేళ్ళూ నేను ఒక్క టచప్ కూడా అనవసరంగా చేయలేదు.

నీలిజెల్ గారికి నా విన్నపం ఒక్కటే. మీరు ఏ స్థాయిలో చేరినా, రిహార్సల్‌కు ముందు ఐదు నిమిషాలు మేకప్ గది తలుపు తట్టండి. ఇవాళ ముఖానికి వెచ్చని వెలుతురా, చల్లనిదా, చెమటపట్టే పాటలు ఏవైనా ఉన్నాయా, కళ్ళజోడు పెట్టుకునే అతిథి ఉన్నారా అని ఇద్దరం మాట్లాడుకుంటే రికార్డింగ్ ఆగకుండా సాగుతుంది.

న్యూట్రల్ (రాజమహేంద్రవరం)

ఇంతవరకు రంగుల గురించి, ముఖాల గురించి అందరూ చక్కగా చెప్పారు. నేను ప్రాణాల గురించి చెబుతాను. జనరేటరు, విద్యుత్ పంపిణీ నా పని. దీపాల వృత్తిలో పైకి రావాలనుకునే ప్రతి ఒక్కరూ కన్సోల్‌కు ముందు దీన్ని నేర్చుకోవాలని నా దృఢమైన అభిప్రాయం.

వెయ్యి వాట్ల పార్ ఒక్కటి 230 వోల్టుల మీద సుమారు 4.3 ఆంపియర్లు లాగుతుంది. ఇరవై నాలుగు పార్‌లు అంటే నూట నాలుగు ఆంపియర్లు. మూడు ఫేజులకూ ఎనిమిదేసి చొప్పున పంచితే ఒక్కో ఫేజు మీద ముప్ఫై ఐదు చొప్పున పడి అందరూ క్షేమంగా ఉంటారు. పంచకుండా దగ్గరలో ఉన్న సాకెట్‌లో దూర్చితే ఏమవుతుందో ఒక కాలేజీ వార్షికోత్సవంలో చూశాను. అద్దెకు దీపాలు తెచ్చినవారు పార్‌లన్నిటినీ రెండు ఫేజుల మీదే పెట్టి, మూడో దాని మీద ఎల్ఈడీ గోడను, సౌండును ఉంచారు. పంపిణీ పెట్టెలో న్యూట్రల్ (కరెంటు తిరిగి వెళ్ళే తీగ) నట్టు సరిగా బిగించలేదు. అసమానంగా పంచిన భారం వల్ల న్యూట్రల్ తీగ వేడెక్కింది. డిమ్మర్లు తరంగాన్ని కోసి పంపడంతో పుట్టే హార్మోనిక్స్ అనే అదనపు తరంగాలు కూడా మూడు ఫేజుల నుంచీ ఆ తీగలోనే వచ్చి చేరతాయి.

స్వాగత నృత్యం నడుస్తుండగా పార్‌లు ఉన్నట్టుండి మందగించాయి, అదే క్షణంలో ఎల్ఈడీ గోడ వెనక ఫ్యాన్ల రొద పెరిగింది. ఒక ఫేజు మందగించి మరొకటి రెచ్చిపోతే న్యూట్రల్ ఊడిందని అర్థం. అప్పుడు తేలికగా ఉన్న ఫేజు మీది సామగ్రికి 230కి బదులు 400 వోల్టుల దాకా చేరవచ్చు. నేను పరుగెత్తి మెయిన్ కట్టేసేసరికి గోడలో పన్నెండు పవర్ సప్లైలు కాలిపోయి, ఒకదానినుంచి పొగ వస్తోంది. దాని ముందు ఇరవైమంది ఆడపిల్లలు నైలాన్ పావడాల్లో నాట్యం చేస్తున్నారు. ఆ సాయంత్రం నాకు చేతులు వణికాయి.

అప్పటినుంచి నా అలవాటు ఏమిటంటే, భారమంతా ఎక్కాక అరగంటకు ఒకసారి, తీగలో పారే కరెంటును కొలిచే క్లాంప్ మీటరును న్యూట్రల్ తీగకు కూడా తగిలిస్తాను. ఎర్త్ లేని జనరేటరు నుంచి ఒక్క దీపం కూడా వెలిగించనివ్వను. ట్రస్ మీది ప్రతి దీపానికీ క్లాంపుతో పాటు సేఫ్టీ చైన్ ఉందో లేదో ఎత్తే ముందే తడిమి చూస్తాను. ఎలక్ట్రికల్ డిప్లొమా చదివిన మీరు ఇంటర్వ్యూలో ఈ మాటలు చెప్పండి, మీ విలువ వారికి తెలుస్తుంది.

ముందుతెర (తెనాలి)

నాటకరంగం వైపు నుంచి నాదొక విన్నపం. దీపాల పని అంటే సామగ్రి ఎంత ఉంటే అంత గొప్పగా వస్తుందన్న నమ్మకం నేటి యువకుల్లో బలపడుతోంది. 1885లో కడప జిల్లా సురభి గ్రామంలో ప్రారంభమైన సురభి సమాజం వారి పౌరాణిక నాటకాలను చూసినవారికి తెలుసు, రంగుల తెరలు, నాలుగు దీపాలు, కొంత పొగ, సరైన క్షణంలో చీకటి, వీటితోనే వారు మాయను కళ్ళకు కట్టేవారు. చీకటి చేసే క్షణం ఒక్క లిప్త తప్పినా నటుణ్ణి గాలిలోకి ఎత్తే తాడు కనబడిపోతుంది. ఆ లిప్తను పట్టుకునేవాడే నా దృష్టిలో నిజమైన దీపకళాకారుడు.

కలకత్తాకు చెందిన దీపకళాకారుడు తాపస్ సేన్ పేరు ఈ వృత్తిలోకి వచ్చే ప్రతివారూ తెలుసుకోవాలి. 1959లో ఉత్పల్ దత్ మినర్వా థియేటర్‌లో ప్రదర్శించిన అంగార్ నాటకంలో బొగ్గుగని నీటితో నిండి కార్మికులు మునిగిపోయే ఘట్టాన్ని ఆయన ఒక్క నీటిబొట్టు లేకుండా వెలుతురుతోనే చూపించారు. గనిలోని మనుషుల మీదికి నీటిమట్టం క్రమంగా పెరుగుతున్నట్టు ప్రేక్షకులకు తోచింది. ఆయన చేతిలో కంప్యూటర్ కన్సోల్ లేదు, కథ మాత్రం పూర్తిగా ఆయన మనసులో ఉంది.

కాబట్టి నీలిజెల్ గారు ఏ ఉద్యోగంలో ఉన్నా సెలవు రోజుల్లో ఒక నాటక సమాజంతో కలిసి పనిచేయాలని కోరుతున్నాను. పాటకు దీపాలు పెట్టేవాడు లయను అనుసరిస్తే చాలు, మాటకు దీపాలు పెట్టేవాడు ఎవరు ఎవరితో ఏ ఉద్దేశంతో మాట్లాడుతున్నారో తెలుసుకోవాలి. పద్ధతిగా చదువుకోవాలనుకుంటే హైదరాబాదు విశ్వవిద్యాలయంలో రంగస్థల కళల శాఖ ఉంది, ఢిల్లీలో జాతీయ నాటక విద్యాలయం ఉంది, టీవీ కెమెరా వైపు మొగ్గేవారికి పూణే ఫిల్మ్ ఇన్‌స్టిట్యూట్‌లో టెలివిజన్ విభాగం ఉంది.

నీలిజెల్ (వరంగల్)

ఇంత ఓపికతో రాసిన అందరికీ కృతజ్ఞతలు. ట్రస్‌పైన గారు చెప్పిన ప్రకారం ఫోన్ చేసి అడిగాను. వారంలో నాలుగు రోజులు వార్తా స్టూడియో, రెండు రోజులు వారాంతపు సంగీత కార్యక్రమం అన్నారు. కంట్రోల్ రూమ్‌లో కూర్చోవడానికి అభ్యంతరం లేదన్నారు, హోదా మాత్రం అసిస్టెంటే. ఇంకా నిర్ణయించుకోలేదు. ఈలోగా పాతస్టూడియో గారిని ఒక సంగతి అడగాలి. రికార్డింగ్‌లో కనిపించిన ఆ నల్లని అడ్డచారలకు కారణం ఏమిటి? నేను వాడిన ఎల్ఈడీ పార్‌లు కంటికి ఏమాత్రం మినుకుమనలేదు.

పాతస్టూడియో (హైదరాబాదు)

కంటికి మినుకుమనకపోవడమే దీనిలోని మోసం. ఎల్ఈడీని మందగించడానికి దానికి అందే కరెంటును తగ్గించరు, సెకనుకు వందలసార్లో వేలసార్లో వెలిగించి ఆర్పుతారు. వెలిగి ఉన్న కాలం తగ్గితే మన కంటికి మందంగా అనిపిస్తుంది. నేటి కెమెరాల సెన్సర్లలో చాలావరకు బొమ్మను ఒక్కసారిగా కాకుండా పైనుంచి కిందికి వరుస వెంట వరుసగా చదువుతాయి. దీపం ఆరి ఉన్న క్షణాల్లో చదివిన వరుసలు నల్లబడతాయి, అవే మీరు చూసిన చారలు. దీపాన్ని ఎంత మందగిస్తే చారలు అంత స్పష్టమవుతాయి. మీరు ఆ పాటలో గోడ మీది పార్‌లను పది, పదిహేను శాతానికి దించి ఉంటారని ఊహిస్తున్నాను.

మంచి దీపాల మెనూలో ఈ ఆర్పి వెలిగించే వేగాన్ని పెంచే సదుపాయం ఉంటుంది, రికార్డింగ్ ఉన్న రోజున దాన్ని పెంచండి. అది లేకపోతే దీపాన్ని సగానికి పైనే ఉంచి, ముందు బూడిదరంగు జెల్ (పారదర్శకమైన రేకు) పెట్టి వెలుతురు తగ్గించండి. మన దేశంలో కరెంటు 50 హెర్ట్జులు కాబట్టి పాతతరం ట్యూబులు, డిశ్చార్జ్ దీపాలు సెకనుకు వందసార్లు కొట్టుకుంటాయి. కెమెరా షట్టర్ సెకనులో యాభయ్యో వంతు ఉంటే ప్రతి ఫ్రేములోనూ సరిగ్గా రెండు కొట్టుళ్ళు పడి తేడా కనిపించదు. కెమెరామన్ ఏ షట్టర్ వాడుతున్నాడో అడగడం మీ పనిలో భాగమే.

ఎల్ఈడీ తెర ఉన్న వేదికల మీద ఇంకొక జాగ్రత్త అవసరం. తెర తెలుపు సాధారణంగా 6500 కెల్విన్ దగ్గరో, అంతకంటే నీలంగానో ఉంటుంది. దాన్ని పూర్తి కాంతితో వదిలేస్తే ముందు నిలబడిన మనిషి నీడబొమ్మ అయిపోతాడు. విజన్ ఇంజనీరు ముఖం కోసం ఐరిస్ తెరిస్తే తెర కాలిపోతుంది, తెర కోసం మూస్తే ముఖం పోతుంది. రిహార్సల్‌లో ముందు ముఖానికి స్థాయి నిర్ణయించి, తరవాత తెరను దానికి లోబడేదాకా దించమని గ్రాఫిక్స్‌వారిని అడగాలి. చాలాసార్లు ఇరవై శాతానికి దించినా తెర నిండుగానే ఉంటుంది. వారు మొదట ఒప్పుకోరు, మానిటర్ దగ్గరకు తీసుకువెళ్ళి చూపించండి.

డల్లాస్ తెలుగు (టెక్సాస్)

ట్రస్‌పైన గారు ప్రస్తావించిన వారీ-లైట్ మా ఊరిలోనే, షోకో అనే సంస్థలో పుట్టింది. ఇక్కడ కన్వెన్షన్ హాళ్ళలో పన్నెండేళ్ళుగా పనిచేస్తున్నాను, వేసవిలో జరిగే తెలుగు సంఘాల మహాసభల వేదికలకూ చేశాను. ఇక్కడి పద్ధతిలో నాకు నచ్చినది పనుల విభజన. డిజైనర్, కన్సోల్ మీద షోను రాసే ప్రోగ్రామర్, దీపాల బృందానికి పెద్ద అయిన గాఫర్, సామగ్రిని పైకి వేలాడదీసే రిగ్గర్, కళాకారుణ్ణి వెంబడించే దీపం నడిపే ఫాలో స్పాట్ ఆపరేటర్, ఒక్కొక్కరిదీ ఒక్కొక్క వృత్తి, ప్రతిదానిలోనూ గౌరవంగా రిటైరవవచ్చు. 1893లో ఏర్పడిన ఐఏటీఎస్ఈ అనే రంగస్థల కార్మికుల సంఘం పనివేళలు, భోజన విరామం విషయంలో గట్టిగా నిలబడుతుంది. రిగ్గర్లకు, ఎలక్ట్రీషియన్లకు ఈటీసీపీ అనే ధ్రువీకరణ పరీక్షలు ఉన్నాయి. టీవీలోని ఎమ్మీ పురస్కారాల్లో లైటింగ్‌కు ప్రత్యేక విభాగం ఉంది, అక్కడ డిజైనర్‌తో పాటు లైటింగ్ డైరెక్టర్ పేరునూ చదువుతారు.

మన దగ్గర ఒకే కుర్రవాడు ఇవన్నీ చేస్తాడు. దానివల్ల అతడికి అన్నీ తెలుస్తాయన్నది నిజం, కానీ కార్యక్రమం చివర పేర్లలో అతడి పేరు ఉండదన్నది నాకు బాధ కలిగించే విషయం. నీలిజెల్ గారూ, చేరితే టైటిల్స్‌లో పేరు వేయమని మొదటి రోజే లిఖితపూర్వకంగా అడగండి. మరో మాట, గ్రాండ్ ఎంఏ3 కన్సోల్ సాఫ్ట్‌వేర్ ఉచితంగానే కంప్యూటర్‌లో పెట్టుకోవచ్చు. దీపాలు లేకుండానే తెరమీద వేదిక కట్టుకుని సాధన చేయవచ్చు కాబట్టి, వార్తా స్టూడియోలో గడిచే నాలుగు రోజుల్లో వేళ్ళకు తుప్పు పట్టనివ్వకండి.

కొత్తవత్తి (కర్నూలు)

నేను బీటెక్ చివరి సంవత్సరం చదువుతున్నాను. మా కాలేజీ ఉత్సవాలకు దీపాలు నేనే చూస్తాను. ఆడపిల్లలు ఈ వృత్తిలో నిలబడగలరా అన్నది నా సందేహం. బరువులు మోయాలని, రాత్రిళ్ళు ఉండాలని అందరూ భయపెడుతున్నారు.

ట్రస్‌పైన (విజయవాడ)

అమ్మా, రంగస్థల దీపాల రూపకల్పనను ఒక ప్రత్యేక వృత్తిగా నిలబెట్టినవారిలో అగ్రగణ్యురాలు జీన్ రోసెంతాల్ అనే మహిళ. 1912లో పుట్టి, న్యూయార్క్ బ్రాడ్వే నాటకాలకూ అమెరికా నర్తకి మార్తా గ్రాహమ్ నృత్యాలకూ ఆమె పెట్టిన దీపాల పద్ధతిని నృత్యకారులు నేటికీ అనుసరిస్తున్నారు. నా బృందంలో ప్రస్తుతం ప్రోగ్రామింగ్ చేస్తున్నది ఒక అమ్మాయే. బరువు ఇద్దరు పట్టుకుని ఎత్తాలన్నది మగవారికీ వర్తించే నియమం, నడుము అందరికీ ఒక్కటే. రాత్రి విషయంలో మాత్రం మొహమాటం వద్దు. తిరుగు ప్రయాణానికి వాహనం, శుభ్రమైన మరుగుదొడ్డి ఒప్పందంలో ఉన్న పనులే ఒప్పుకోండి. ఆ రెండూ అడిగిన తరవాత మా బృందంలో మగపిల్లలకు కూడా మేలు జరిగింది.

నీలిజెల్ (వరంగల్)

మూడు నెలల తరవాత రాస్తున్నాను, క్షమించాలి. ఛానెల్‌లో చేరాను. ఆషాఢమంతా జీతం వచ్చింది, ఇంట్లో ఆ ప్రశ్న మళ్ళీ ఎవరూ అడగలేదు.

మొదటి వారం విజన్ ఇంజనీరు గారి పక్కన కూర్చున్నాను. నేను ఆరేళ్ళుగా వాడుతున్న గాఢ నీలాన్ని ఒక్కసారి మానిటర్‌లో చూపించి, ఆ నీలంలోనే కొంచెం తెలుపు, రవ్వంత ఆకుపచ్చ కలిపి మళ్ళీ చూపించారు. ముఖం తిరిగి వచ్చింది. కంటికి ఆ రెండు నీలాలకూ పెద్ద తేడా లేదు. ఆ రాత్రి బస్సులో వస్తూ నేను చేసిన పాత షోలన్నీ తలుచుకున్నాను.

గతవారం సంగీత కార్యక్రమానికి నాకు స్వతంత్రంగా ఒక భాగం అప్పగించారు. ఒక గాయని, వయొలిన్ విద్వాంసుడు, మృదంగం. వయొలిన్ వాయించే పెద్దాయన కళ్ళజోడులో మా ముందు దీపం రెండు తెల్లని చతురస్రాలుగా మెరిసి కళ్ళు కనిపించలేదు. తిలకం గారి మాట గుర్తుకు వచ్చి, ముందే మేకప్ గదికి వెళ్ళి అడిగి ఉంటే బాగుండేదని అనుకున్నాను. దీపాన్ని రెండడుగులు పైకి ఎత్తించి, వయొలిన్ లేని వైపుకు జరిపించాను. మెరుపు అద్దంలోంచి జారి జోడు అంచు దాటి పోయింది. దానితో కనుబొమల కింద నీడ చేరింది కాబట్టి, ఆయన ముందు నేల మీద ఒక తెల్లని థర్మాకోల్ పడుకోబెట్టించాను. గాయని కుంకుమ ఈసారి కుంకుమలాగే ఉంది. వార్తా స్టూడియో రోజుల్లో మధ్యాహ్నం గంటసేపు కంప్యూటర్‌లో కన్సోల్ సాధన చేస్తున్నాను. న్యూట్రల్ గారూ, ఇక్కడి పంపిణీ గదిలోనూ క్లాంప్ మీటరు పెట్టి చూశాను, న్యూట్రల్ చల్లగానే ఉంది.

పాతస్టూడియో (హైదరాబాదు)

చాలా సంతోషం. థర్మాకోల్ ఆలోచన గురించి చదివి నిజంగా ఆనందించాను. ఒక ప్రశ్న మాత్రం మిగిలింది. దీపాన్ని పైకి ఎత్తినప్పుడు వయొలిన్ కమాను నీడ ఎక్కడ పడింది?

నీలిజెల్ (వరంగల్)

ఆయన తెల్లచొక్కా మీద పడింది, కమానుతో పాటు పైకీ కిందికీ ఆడింది. రికార్డింగ్ అయ్యాకే గమనించాను. శుక్రవారం మళ్ళీ అదే బృందం వస్తోంది. దీపాన్ని ఇంకొంచెం పక్కకు తీసుకుని, ముందు ఆరడుగుల తెల్లగుడ్డ కట్టి చూస్తాను.